పాంచాలంకురిచ్చికి కోట తిరిగొచ్చిన దారి

1801లో ఈస్టిండియా కంపెనీ పాంచాలంకురిచ్చి కోటను నేలమట్టం చేసింది. అంతటితో కసి తీరక ఊరి పేరునే రికార్డుల్లోంచి తీసేయించింది. నూట యాభై ఏళ్ళ తర్వాత బి.ఆర్.పంతులు ఆ కోట పాలెగాడి మీద తమిళంలో సినిమా తీయబోతే, కెమెరా ముందు నిలబెట్టడానికి అక్కడ ఒక్క గోడైనా లేదు. ‘వీరపాండియ కట్టబొమ్మన్’ యుద్ధ ఘట్టాలను తిరునెల్వేలి సీమలో కాకుండా రాజస్థాన్‌లో, జైపూర్ వైపు తీశారు. మా నల్లరేగడి నేలల సంగతి తెలిసినవాళ్ళు ఆ కొండలూ ఆ కోటలూ చూసి ఇది మన వైపు కాదని ఇట్టే పోల్చుకుంటారు. నేనూ పోల్చుకున్నాను. అయినా ఆ సినిమాను ప్రాణంగా చూసుకున్న ఇంట్లో పెరిగాను.

మాది కోవిల్‌పట్టి దగ్గర పల్లె. ఒక పక్క కయత్తారు, ఇంకో పక్క ఎట్టయపురం. ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం. కట్టబొమ్మన్ ఇంట్లోనూ అంతే. తెలుగు సీమ నుంచి దక్షిణాదికి దిగిన రాజకంబళం నాయకుల వంశం ఆయనది. ఆ కులం వాళ్ళ దేవత జక్కమ్మ గుడి, వాళ్ళ దేవరాట్టం నృత్యం, దానికి కొట్టే దేవదుందుభి మా వైపు ఈనాటికీ ఉన్నాయి. కంపెనీ రికార్డుల్లో పేరు కొట్టేసినా, కట్టబొమ్మన్ కథను ఊళ్ళలో పాడి, ఆడి బతికించింది వాళ్ళలాంటి జనమే. మా అవ్వకు చదువు రాదు. కట్టబొమ్మన్ తమ్ముడు ఊమైదురై పాళయంకోట జైలు నుంచి తప్పించుకున్న వైనం మాత్రం పొద్దుపోయేదాకా చెప్పేది. మూగవాడని పేరుపడ్డ ఆ తమ్ముడంటేనే ఆవిడకు అన్నకన్నా ప్రీతి.

సినిమా మూలం ఆ ఆటపాటల్లోనే ఉంది. తిరుచ్చి దగ్గర గణేశన్ అనే కుర్రవాడు ఏడేళ్ళ ప్రాయంలో కట్టబొమ్మన్ వీధి నాటకం చూశాడు. నటుణ్ణి కావాలన్న కోరిక ఆ రాత్రే పుట్టిందని పెద్దయ్యాక శివాజీ గణేశన్‌గా ఆయనే చెప్పుకున్నాడు. పేరు వచ్చాక ఆ కథను మరిచిపోలేదు. శక్తి టి.కె.కృష్ణస్వామి చేత నాటకం రాయించి, తన శివాజీ నాటక మన్రం తరఫున 1957 ఆగస్టు 28న సేలంలో తొలిసారి ఆడాడు. పంతులు ముందుకొచ్చి దాన్ని పద్మినీ పిక్చర్స్ సినిమాగా మార్చాడు. ఆ పాలెగాడి మీద పుస్తకం రాసిన మ.పొ.శివజ్ఞానం చరిత్ర విషయాల్లో సాయపడ్డాడు. ఇవన్నీ ఎందుకు చెబుతున్నానంటే, దేశభక్తి సినిమా అనగానే ఎవరో మద్రాసు స్టూడియోలో కూర్చుని వీరుణ్ణి తయారుచేశారనుకునేవాళ్ళు ఉన్నారు. ఈ వీరుడు స్టూడియోకు వచ్చేటప్పటికే నూట యాభై ఏళ్ళ వయసున్నవాడు.

తీసిన చేతుల్లో తెలుగు చేతులు చాలా ఉన్నాయి. పంతులుది కోలారు జిల్లా, తమిళ కన్నడ తెలుగు సినిమాలు మూడింటిలోనూ పనిచేశాడు. కట్టబొమ్మన్ భార్య జక్కమ్మగా వేసి, తన పాట తానే పాడుకున్న ఎస్.వరలక్ష్మి మన తెలుగు నటి. వెళ్ళయత్తేవన్‌గా జెమినీ గణేశన్, వెళ్ళయమ్మగా పద్మిని కనిపించే వెన్నెల పాటను కాకినాడలో పుట్టిన పి.బి.శ్రీనివాస్, విజయనగరం సుశీల పాడారు. ఆ పాట మొదలైతే మా నాన్న చేతిలో పని పక్కన పెట్టేవాడు. సంగీతం జి.రామనాథన్‌ది. గేవాకలర్‌లో తీసి, ప్రింట్లు లండన్‌లో టెక్నికలర్‌గా వేయించారు. కత్తియుద్ధాలూ ఎద్దుతో పోరాటమూ రంగుల్లో చూడడం ఆనాటి తమిళ ప్రేక్షకుడికి ఇంకా కొత్తే.

1959 మే 10న లండన్‌లో తొలి ప్రదర్శన జరిగింది. కట్టబొమ్మన్‌ను ఉరితీసిన వాళ్ళ రాజధానిలో! తమిళనాట మే 16న విడుదలైంది. మూడు రోజులకే, మే 19న, మరుదు సోదరుల కథతో కణ్ణదాసన్ నిర్మించిన ‘శివగంగై సీమై’ వచ్చింది. అదీ అదే కాలపు తిరుగుబాటు కథే, అదీ మంచి ప్రయత్నమే. పంతులు సినిమా హోరులో అది వినిపించకుండా పోయింది. నాకు ఇప్పటికీ ఆ విషయం బాధే. తెలుగువాళ్ళకు ఈ సినిమా ‘వీరపాండ్య కట్టబ్రహ్మన’గా డబ్బింగై చేరింది. 1960లో కైరోలో జరిగిన ఆఫ్రో-ఆసియా చిత్రోత్సవంలో శివాజీ ఉత్తమ నటుడయ్యాడు.

జనం గుండెల్లో నిలిచింది మాత్రం ఒక్క ఘట్టం. కలెక్టర్ జాక్సన్‌గా సి.ఆర్.పార్తిబన్, ఎదురుగా శివాజీ. పన్ను అడిగిన దొరను, ఈ నేలకు నువ్వేం చేశావని పన్ను అడుగుతున్నావంటూ పాలెగాడు నిలదీస్తాడు. తమిళనాడులో బడి వార్షికోత్సవం అంటే కాగితపు కిరీటం పెట్టుకుని ఒక పిల్లవాడు ఆ మాటలు చెప్పి తీరాల్సిందే.

చరిత్రలో ఆ భేటీ ఇలా సాగలేదు. 1792 ఒప్పందంతో ఆర్కాటు నవాబు ఈ పాలెగాళ్ళ దగ్గర కప్పం వసూలు చేసే హక్కును కంపెనీకి వదిలేశాడు. 1798 మే నాటికి పాంచాలంకురిచ్చి బకాయి 3,310 వరహాలు. రామనాథపురం రమ్మని కట్టబొమ్మన్‌కు కబురు పెట్టిన జాక్సన్, తీరా వచ్చాక కలవకుండా ఊరి నుంచి ఊరికి వెంట తిప్పించుకున్నాడు. ఇరవై మూడు రోజులు, సుమారు నాలుగు వందల మైళ్ళు. చివరికి సెప్టెంబరులో రామనాథపురంలోనే చూసి, నిలబెట్టి మాట్లాడాడు. లెక్కలు తేలిస్తే మిగిలిన బాకీ 1,080 వరహాలే. అంటే ఆయన పన్ను కట్టనని గర్జించడానికి వెళ్ళలేదు, చాలావరకు కట్టేసి లెక్క చూపించడానికి వెళ్ళాడు. బంధిస్తారని తెలిసి బయటపడబోతే కోట వాకిట్లో కొట్లాట జరిగి లెఫ్టినెంట్ క్లార్క్ చనిపోయాడు. ఆ తర్వాత విచారణ జరిపి మద్రాసు ప్రభుత్వమే జాక్సన్‌ను కొలువు నుంచి తప్పించింది.

ఈ కాగితాలు చూపించి కట్టబొమ్మన్‌ను చిన్నబుచ్చేవాళ్ళున్నారు. తమిళవాణన్ ఆయన్ను దోపిడీదారుగా చూపిస్తూ పుస్తకమే రాశాడు. పాలెగాళ్ళు ఒకరి ఊళ్ళమీద ఒకరు పడ్డమాట నిజమే, సినిమా అది చెప్పలేదు, చెప్పి ఉండాల్సింది. కానీ లెక్క కట్టడానికి వచ్చిన మనిషిని నాలుగు వందల మైళ్ళు వెంట తిప్పుకున్న అవమానం గర్జన కన్నా తక్కువదేం కాదు. పైగా సినిమా ఆఖరి ఘట్టానికి శత్రువే సాక్షి. పట్టుబడ్డ కట్టబొమ్మన్‌ను 1799 అక్టోబరు 16న కయత్తారులో ఉరితీయించిన మేజర్ బ్యానర్‌మన్, ఆ మనిషి విచారణలో ఏమాత్రం బెదరలేదనీ, కంపెనీకి సాయపడ్డ ఎట్టయపురం పాలెగాణ్ణి ఏవగింపుగా చూశాడనీ, ఉరికంబం దాకా ధైర్యంగా నడిచాడనీ పై అధికారులకు రాశాడు. శివాజీ కళ్ళలో చూపించింది అదే.

తర్వాత ఆ కయత్తారులోనే శివాజీ స్థలం కొని విగ్రహం పెట్టించాడు. 1974లో తమిళనాడు ప్రభుత్వం పాంచాలంకురిచ్చిలో స్మారక కోట కట్టింది. బడిపిల్లల్ని బస్సుల్లో తెచ్చి అది చూపిస్తారు. సినిమా రాకపోయుంటే ఆ కోట లేచేదని నేననుకోను.

అదే పంతులు, అదే శివాజీ 1961లో ‘కప్పలోట్టియ తమిళన్’ తీశారు. ఆ కథానాయకుడు వి.ఓ.చిదంబరం పుట్టిన ఒట్టపిడారం, పాంచాలంకురిచ్చికి పొరుగూరే. కత్తి లేదు, గుర్రం లేదు, జైల్లో గానుగ లాగే ప్లీడరు కథ. నా లెక్కలో ఇదే గొప్ప సినిమా. జనం రాలేదు, పంతులు బాగా నష్టపోయాడు.

ఎట్టయపురం సంగతి చెప్పకుండా ముగించలేను. సినిమాలో వి.కె.రామస్వామి వేసిన ఎట్టప్పన్ పేరు తమిళంలో ద్రోహికి మారుపేరైపోయింది. నిజంగా కట్టబొమ్మన్‌ను పట్టి ఇచ్చింది పుదుక్కోట తొండైమాన్. జనం నోట ఆ పేరు అంతగా వినపడదు. ఎట్టయపురం పాలెగాళ్ళూ తెలుగు కంబళత్తు నాయకులే, వాళ్ళ ఇంట్లోనూ అదే భాష, అదే జక్కమ్మ. ఇద్దరి పొలిమేర తగాదా ఇంగ్లీషువాళ్ళ కన్నా పాతది. కంపెనీకి చేసిన సాయానికి ప్రతిఫలంగా పాంచాలంకురిచ్చి భూముల్లో కొంత ఎట్టయపురానికి దక్కిన మాటా నిజమే. కానీ కవి సుబ్రహ్మణ్య భారతి పుట్టిన ఊరు కూడా అదే. మా మేనత్తను ఆ ఊరే ఇచ్చాం. ఆమె పిల్లల్ని మా బడిలో ద్రోహి ఊరివాళ్ళని ఏడిపించేవారు. మా బళ్ళో ఈ నాటకం వేసిన ఏడు కట్టబొమ్మన్‌ వేషానికి పిల్లలు కొట్టుకున్నారు, ఎట్టప్పన్‌కు ఒక్కడూ ఒప్పుకోలేదు. చివరికి లెక్కల మాస్టారే తలపాగా చుట్టుకుని ఆ వేషం వేశారు.