మనసు గాయానికి పింఛను

కాలు పోగొట్టుకున్న సైనికుడిని సాక్ష్యం అడిగేవారు తక్కువ. మతి చెదిరి ఇల్లు చేరినవాడిని మాత్రం, ఈ జబ్బు సైన్యంలోనే వచ్చిందనడానికి రుజువేమిటని అడుగుతారు. ఇది నూరేళ్ల నాటి ప్రశ్న.

1915లో చార్లెస్ మయర్స్ అనే వైద్యుడు లాన్సెట్ పత్రికలో ‘షెల్ షాక్’ గురించి రాశాడు. మొదటి ప్రపంచ యుద్ధంలో చూపు, జ్ఞాపకం పోగొట్టుకున్న సైనికుల సంగతి అది. తాడేపల్లిగూడెం దగ్గరి మిలటరీ మాధవరం నుంచి మనవాళ్లు వెళ్లిన యుద్ధమూ అదే. రెండో ప్రపంచ యుద్ధం మొదట్లో బ్రిటన్ రుజువు భారాన్ని సైనికుడి నెత్తినే పెట్టింది. నిరసనలు రావడంతో 1943లో తిప్పేసింది. జబ్బుకు సర్వీసుతో సంబంధం లేదని చూపాల్సిన బాధ్యత అప్పటినుంచి ప్రభుత్వానిది. అనుమానం ఉంటే లాభం సైనికుడికి.

మనకు వచ్చిన సూత్రం కూడా ఇదే. 1961 నాటి సైనిక పింఛను నిబంధనల్లో 173వది, జబ్బు సర్వీసు వల్ల వచ్చినా, సర్వీసులో ముదిరినా, వైకల్యం 20 శాతానికి తగ్గకపోతే పింఛను ఇవ్వమంది. 1982 నిబంధనలు ఇంకా స్పష్టంగా చెప్పాయి. చేరేటప్పుడు కాగితంలో ఏ జబ్బూ రాయకపోతే, ఆ మనిషి ఆరోగ్యంగానే చేరాడని లెక్క. రుజువు చేసుకోమని అతన్ని అడగకూడదు.

ఇంత ఉదారంగా రాసిన నియమం ఆచరణలో, సైనికుడిని పరీక్షించే మెడికల్ బోర్డు గదిలో చతికిలపడింది. స్కిజోఫ్రెనియా అనే మానసిక జబ్బు పేరు వినగానే ‘వంశపారంపర్యం, సర్వీసుతో సంబంధం లేదు’ అని ఒక్క వాక్యం రాసి పంపించడం అలవాటైపోయింది. ఇక్కడ ఆగి ఆలోచించాల్సిన విషయం ఒకటుంది. ఈ జబ్బు సాధారణంగా బయటపడేది పద్దెనిమిది, ముప్పై ఏళ్ల మధ్య. కుర్రాళ్లు సైన్యంలో చేరి కొండల మీద, సరిహద్దుల్లో, ఇంటికి దూరంగా కాపలా కాసే వయసు కూడా అదే. విత్తనం ముందే ఉందా, ఒత్తిడి మొలకెత్తించిందా అన్నది ఏ డాక్టరూ కచ్చితంగా తేల్చలేడు. తేల్చలేని చోట అనుమానం ఎవరికి లాభించాలో నియమమే చెప్పింది కదా! ఎత్తయిన ప్రాంతాలు, తీవ్రవాద నిరోధక విధులు, ఒంటరి పోస్టులు మానసిక జబ్బును ముదరబెట్టగలవని సైనిక వైద్యుల మార్గదర్శకాలే ఒప్పుకున్నాయి.

కోర్టులూ ఒకే దారిన నడవలేదు. 2009లో దామోదరన్ కేసులో సుప్రీంకోర్టు మెడికల్ బోర్డు మాటకే పెద్దపీట వేసింది. 2013లో మూర్ఛ జబ్బుకు సంబంధించిన ధర్మవీర్ సింగ్ కేసులో 1982 నియమాన్ని తిరిగి నిలబెట్టింది. వీర్‌పాల్ సింగ్ కేసులో, 1977లో మానసిక జబ్బుతో ఇంటికి పంపిన సైనికుడిని మళ్లీ పరీక్షించమంది. 2019లో నర్సింగ్ యాదవ్ కేసులో, మానసిక జబ్బు చేరేటప్పుడు కనబడేది కాదు కాబట్టి ప్రతిసారీ సర్వీసుకు అంటగట్టలేమంది. 2025 మేలో మాత్రం, కారణాలు రాయని బోర్డు అభిప్రాయం చెల్లదని చెప్పి స్కిజోఫ్రెనియా ఉన్న మాజీ సైనికుడికి పింఛను ఇప్పించింది. నా దృష్టిలో న్యాయమైన మాట ఇదే. కారణం చెప్పకుండా ఒక జీవితాన్ని కొట్టిపారేసే హక్కు ఎవరికీ లేదు.

డబ్బు మరీ ఎక్కువేం కాదు. వైకల్యం లెక్కన వచ్చే భాగం నూరు శాతం వైకల్యానికి ఆఖరి జీతంలో 30 శాతం, తక్కువైతే ఆ మేరకు తక్కువ. అయితే మందులకూ, కనిపెట్టుకుని ఉండే భార్యకూ తల్లికీ అదే ఆధారం. 2023 సెప్టెంబరులో వచ్చిన కొత్త వైకల్య పింఛను నిబంధనలపై మాజీ సైనికుల సంఘాలు అభ్యంతరం చెప్పింది కూడా అందుకే.

హైదరాబాద్ వైపు చెంగిచెర్ల, ఉప్పల్, నాచారంలో ఇలాంటివాళ్లు మీకు తెలిసుంటే, వాళ్ల ఇంటివాళ్లతో మాట్లాడండి. మనసు బాగోలేని మనిషి తన కేసు తానే నడుపుకోలేడు. అతని దళం రికార్డు కార్యాలయంలో మెడికల్ బోర్డు పత్రం నకలు అడగాలి. ఏఓసీ (ఆర్మీ ఆర్డ్‌నెన్స్ కోర్), ఈఎంఈ (ఎలక్ట్రానిక్స్ అండ్ మెకానికల్ ఇంజినీర్స్) దళాలవారి రికార్డు కార్యాలయాలు సికింద్రాబాద్‌లోనే ఉన్నాయి. జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం సాయం తీసుకోవచ్చు. అక్కడా పని కాకపోతే సాయుధ దళాల ట్రిబ్యునల్ ఉంది, తెలుగు రాష్ట్రాలు దాని చెన్నై బెంచి పరిధిలోకి వస్తాయి. ఏళ్లు గడిచాయని వదిలేయకండి. కాకపోతే 2008 నాటి తర్సేమ్ సింగ్ తీర్పు ప్రకారం, ఆలస్యంగా వచ్చినవారికి బకాయిలు సాధారణంగా కేసు వేయడానికి ముందు మూడేళ్లకే దక్కుతాయి.