పొగగొట్టం పొడుగైతే సరిపోదు

నేను చేసేది సాఫ్ట్‌వేరు ఉద్యోగం. తప్పుని పుట్టినచోటే పట్టుకుంటే చవక, కస్టమరు దాకా వెళ్ళాక పట్టుకుంటే తడిసి మోపెడవుతుందని మాకు మొదట్లోనే నేర్పుతారు. పరిశ్రమల కాలుష్యం విషయంలో ఇంగ్లండు ఈ సంగతిని 1863లోనే చట్టంగా రాసుకుంది.

సబ్బులకీ, గాజుకీ, బట్టల మిల్లులకీ చాకలి సోడా కావాలి. అప్పట్లో దాన్ని ఉప్పు, గంధకామ్లంతో లెబ్లాంక్ పద్ధతిలో చేసేవాళ్ళు. ఆ క్రమంలో హైడ్రోక్లోరిక్ ఆమ్ల వాయువు బయటికొచ్చి, సెయింట్ హెలెన్స్, విడ్నెస్ చుట్టుపక్కల పంటలూ చెట్లూ మాడిపోయేవి. జనం గోల పెడితే కొందరు యజమానులు చేసిందేంటయ్యా అంటే, పొగగొట్టాలు ఇంకా ఎత్తుగా కట్టడం! విషం పక్కూరికి పోయింది, అంతే. అది ఏ ఫ్యాక్టరీదో కోర్టులో నిరూపించడం కూడా కష్టమే.

నిజానికి ఉపాయం 1836 నుంచీ ఉంది. విలియం గాసేజ్ అనే ఆయన, పైనుంచి నీళ్ళు కారే గోపురంలోకి ఆ వాయువుని పంపి, ఆమ్లాన్ని నీళ్ళలోనే పట్టేశాడు. కానీ చట్టం అడగందే ఖర్చుపెట్టేదెవరు? చివరికి లార్డ్ డెర్బీ (ఆయనకి ఆ ప్రాంతంలో భూములున్నాయి లెండి) పార్లమెంటులో కదిలించాక ఆల్కలీ చట్టం వచ్చింది. 95 శాతం ఆమ్లాన్ని ఫ్యాక్టరీలోనే పట్టెయ్యాలి. తనిఖీకి రాబర్ట్ ఆంగస్ స్మిత్ అనే రసాయన శాస్త్రవేత్తని పెట్టారు. అలా పట్టిన ఆమ్లంతో బ్లీచింగ్ పౌడరు చేసి అమ్ముకోవచ్చని యజమానులకి తర్వాత బాగానే అర్థమైంది.

లొసుగులు లేకపోలేదు. ఆమ్లం కలిసిన నీళ్ళని ఏట్లోకి వదిలేవాళ్ళూ ఉన్నారు. ఫ్యాక్టరీలు పెరిగేకొద్దీ మిగిలిన ఆ 5 శాతమే బోలెడైంది. అందుకే 1874లో, బయటికొదిలే గాలిలో ఆమ్లం ఎంతకి మించకూడదో కూడా చేర్చారు.

ఇక మన పటాన్‌చెరు సంగతి. మందుల కంపెనీల మురుగునీళ్ళు ట్యాంకర్లలో ఒకచోటికి తెచ్చి శుద్ధిచేసే ఏర్పాటు 1990ల్లో పెట్టారు. స్వీడన్ పరిశోధకులు ఆ "శుద్ధిచేసిన" నీళ్ళని పరీక్షించి 2007లో ప్రచురించారు: లీటరుకి 31 మిల్లీగ్రాముల దాకా సిప్రోఫ్లాక్సాసిన్! ఆ మందు మింగిన రోగి రక్తంలో కూడా అంత ఉండదు. అలాంటి నీళ్ళలో, మందుకి లొంగని సూక్ష్మజీవులు తయారవ్వడానికి ఇంకేం కావాలి? యాంటీబయాటిక్‌లకి పరిమితులు పెడుతూ కేంద్రం 2020లో ముసాయిదా తెచ్చింది, 2021లో ఖరారుచేసిన నిబంధనల్లో వాటిని తీసేసింది.

గాసేజ్ గోపురం 27 ఏళ్ళు ఎదురుచూసింది చట్టం కోసమే. ఉపాయాలు మనకీ ఉన్నాయి. మరి వాటిని ఫ్యాక్టరీ గేటు లోపలే పెట్టించేదెవరు? అన్ని కంపెనీల మురుగూ ఒకచోట కలిపాక, తప్పెవరిదని అడిగితే ఎవరు చెప్తారు?