పనిలో మరణం: యజమాని పరిహార బాధ్యత

ఉద్యోగం కారణంగా, ఉద్యోగం చేస్తున్న సమయంలో జరిగిన ప్రమాదంలో కార్మికుడు చనిపోతే అతని మీద ఆధారపడినవారికి యజమాని పరిహారం చెల్లించి తీరాలి. భారతదేశంలో ఈ బాధ్యతకు మూలం 1923లో వచ్చి 1924 జూలై 1 నుంచి అమలైన వర్క్‌మెన్స్ కాంపెన్సేషన్ చట్టం. 2010లో దాని పేరు ఎంప్లాయీస్ కాంపెన్సేషన్ చట్టంగా మారింది. 2025 నవంబర్ 21న అమల్లోకి వచ్చిన సామాజిక భద్రతా స్మృతి, 2020 ఇప్పుడు దాని స్థానంలో ఉంది. అంతకుముందు జరిగిన ప్రమాదాలకు పాత చట్టమే వర్తిస్తుంది. మూల సూత్రాలు రెండింటిలోనూ ఒకటే.

1923కు ముందు కుటుంబానికి ఉన్న దారి 1855 నాటి ప్రాణాంతక ప్రమాదాల చట్టం. దాని కింద సివిల్ కోర్టుకు వెళ్లి తప్పు యజమానిదేనని నిరూపించాలి. కూలి మీద బతికే ఇంట్లో సంపాదించే మనిషి పోయాక ఆ భారం మోయగలిగినవాళ్లు ఎంతమంది? బ్రిటన్‌లో 1897లో వచ్చిన చట్టాన్ని అనుసరించి, తప్పు ఎవరిదన్న ప్రశ్నను 1923 చట్టం పక్కన పెట్టింది.

మరణం విషయంలో చట్టం ఇంకో అడుగు ముందుకు వేసింది. కార్మికుడు తాగి ఉన్నాడనో, భద్రతా నియమాన్ని కావాలని మీరాడనో, యంత్రానికి ఉన్న రక్షణ కవచాన్ని తీసేశాడనో చెప్పి యజమాని మామూలు గాయాల కేసుల్లో తప్పించుకోవచ్చు. ప్రాణం పోయినప్పుడు, శాశ్వతంగా పూర్తి వైకల్యం కలిగినప్పుడు ఆ వాదనలకు తావు లేదు. చనిపోయిన మనిషి తన వైపు కథ చెప్పుకోలేడు కాబట్టి ఈ చట్టంలో ఇంతకన్నా న్యాయమైన నిబంధన లేదనాలి.

వివాదమంతా ప్రమాదానికీ ఉద్యోగానికీ ఉన్న సంబంధం దగ్గరే. సౌరాష్ట్రలో ఉప్పు కొటారులో పని ముగించుకుని ఇళ్లకు వెళుతున్న కూలీలు పడవ మునిగి చనిపోయిన కేసులో, అది అందరూ ఎక్కే పడవ కాబట్టి యజమానికి బాధ్యత లేదని సుప్రీంకోర్టు 1958లో తేల్చింది. మహారాష్ట్రలో చక్కెర ఫ్యాక్టరీకి తెల్లవారుజామున డ్యూటీకి బయలుదేరి దారిలో ప్రమాదానికి గురై చనిపోయిన కాపలాదారు కుటుంబానికి అదే కోర్టు 2025 జూలైలో పరిహారం నిలబెట్టింది. ప్రయాణానికీ ఉద్యోగానికీ సమయం, చోటు, పరిస్థితుల రీత్యా సంబంధం కనిపించాలని మాత్రం చెప్పింది.

పరిహారం లెక్క ఇలా ఉంటుంది: నెల వేతనంలో సగాన్ని, వయసును బట్టి పట్టికలో ఇచ్చిన అంకెతో గుణించాలి. పాత చట్టంలో కనీస మొత్తం 1,20,000 రూపాయలు. లెక్కకు తీసుకునే వేతన గరిష్ఠ పరిమితిని కేంద్రం 2020 జనవరిలో 8,000 నుంచి 15,000కు పెంచింది. 30 ఏళ్ల వయసుకు అంకె 207.98 కాబట్టి 15,000 వేతనం మీద పరిహారం 15,59,850 రూపాయలు. 50 ఏళ్లకు అంకె 153.09, అదే వేతనం మీద 11,48,175 రూపాయలు వస్తాయి. అంత్యక్రియల ఖర్చు వేరు. నెలలోగా చెల్లించకపోతే 12 శాతం వడ్డీ, సరైన కారణం చూపకపోతే 50 శాతం దాకా జరిమానా పడతాయి. పరిహారం చెల్లించాల్సిన బాధ్యత ప్రమాదం జరిగిన రోజే పుడుతుందని సుప్రీంకోర్టు 1970ల నుంచి చెబుతూనే ఉంది.

ఈ డబ్బును యజమాని నేరుగా కుటుంబం చేతిలో పెడితే చెల్లదు. పాత చట్టం కింద పరిహార కమిషనర్ దగ్గర జమ చేయాలి. తెలుగు రాష్ట్రాల్లో ఆ బాధ్యత కార్మిక శాఖ అధికారులది. వితంతువు, మైనర్ పిల్లలు, పెళ్లికాని కూతుళ్లు, వితంతువైన తల్లి వంటి ఆశ్రితులకు కమిషనర్ దాన్ని పంచుతాడు. దుఃఖంలో ఉన్న ఇంటివాళ్ల చేత ఎంతోకొంత ఇచ్చి తెల్లకాగితం మీద సంతకం పెట్టించుకోవడం జరగకూడదనే ఈ కట్టుబాటు. హక్కును వదులుకుంటూ రాసిన ఒప్పందం కూడా చెల్లదు. ప్రమాదాల తర్వాత ప్రకటించే ఎక్స్‌గ్రేషియా వేరే సంగతి. 2024 ఆగస్టులో అచ్యుతాపురం సెజ్‌లోని ఎసెన్షియా ఫార్మా కంపెనీలో పేలుడుకు 17 మంది బలైనప్పుడు ప్రకటించిన కోటి రూపాయల వంటివి ప్రభుత్వ నిర్ణయాలు. చట్టబద్ధమైన పరిహారం ఎవరి ప్రకటనతోనూ పని లేని హక్కు.

కట్టడాల దగ్గర పనిచేసే వలస కూలీకి తెలిసిన యజమాని చాలాసార్లు మేస్త్రీ ఒక్కడే. తన వ్యాపారంలో భాగమైన పనిని కాంట్రాక్టుకు ఇచ్చిన ప్రధాన యజమాని ముందు తాను చెల్లించి, తర్వాత కాంట్రాక్టరు దగ్గర రాబట్టుకోవాలి. 1995 సవరణ వలస కుటుంబాలకు నిజంగా మేలు చేసింది: ముంబైలో చనిపోయిన పాలమూరు కూలీ భార్య తన సొంత జిల్లాలోనే దరఖాస్తు పెట్టుకోవచ్చు. పాత చట్టంలో గడువు రెండేళ్లు. తగిన కారణముంటే ఆలస్యాన్ని కమిషనర్ మన్నించవచ్చు. తీర్పు మీద యజమాని హైకోర్టుకు వెళ్లాలంటే ముందు మొత్తం సొమ్ము జమ చేసి తీరాలి.

ఈఎస్ఐ కింద నమోదైన కార్మికుల కుటుంబాలు ఈ చట్టం కింద యజమానిని అడగలేవు. వారికి ఈఎస్ఐ కార్పొరేషనే, సగటు వేతనంలో 90 శాతాన్ని ప్రాతిపదికగా తీసుకుని, ఆశ్రితుల మధ్య పంచి నెలనెలా చెల్లిస్తుంది.