అలెప్పో చేలనుండి గన్నవరము దాక

గన్నవర ప్రాంతము మదరాసు రాజధానిలో భాగమై యున్న దినములలో, 1903వ సంవత్సరమున, చార్లెస్ డోనవన్ అను వైద్యుడు మదరాసులో ప్లీహమును ఉబ్బించు కాలా అజార్ జ్వరపు రోగుల ప్లీహమును పరీక్షించి, ఇంగ్లండులో లీష్మన్ అను వైద్యుడు కనుగొనిన సూక్ష్మజీవినే తాను స్వతంత్రముగా గుర్తించెను. ఆ జీవిని పెంచి పరిశీలించుటకు చీనాదేశపు హామ్‌స్టరు అను ఎలుకజాతి ప్రాణి అనువైనదే కాని, బోనులో అది పిల్లలను పెట్టదయ్యెను. అందుచే జెరూసలేములోని పరాన్నజీవి శాస్త్రజ్ఞుడు సాల్ అడ్లర్ కోరికపై జంతుశాస్త్రజ్ఞుడు ఇజ్రాయెల్ అహరోని 1930లో సిరియాలోని అలెప్పో సమీపమున గోధుమచేను త్రవ్వించి, ఒక తల్లి హామ్‌స్టరును 11 పిల్లలతో వెలికితీయించెను. వానిలో బ్రతికి మిగిలిన కొలది పిల్లల సంతతియే దేశదేశముల ప్రయోగశాలలకు వ్యాపించినది.

ప్లీహరోగమునకై తెచ్చిన ప్రాణి ఊపిరితిత్తుల రోగమునకు సాక్ష్యము చెప్పుట ఈ చరిత్రలోని వింత. పెన్సిలినుకు లొంగని ఒక విధమైన న్యుమోనియా వైద్యులను కలవరపెట్టుచుండగా, కాలిఫోర్నియాలో మన్రో ఈటన్, మైకిల్‌జాన్ మొదలగువారు 1944లో దాని కారకమును పత్తి ఎలుకలకును హామ్‌స్టరులకును ఎక్కించి చూపిరి. వడపోతలగుండ జారిపోవుటచే దానిని వైరస్ అని తలచిరి. అది మైకోప్లాస్మా అను అతిసూక్ష్మ బ్యాక్టీరియమని 1962లో చానక్, హేఫ్లిక్ ప్రభృతులు దానిని కృత్రిమాహారముపై పెంచి నిరూపించిరి. శ్వాసనాళపు నూగును పట్టుకొని అది చేయు విధ్వంసమును పిదపటివారు హామ్‌స్టరు కంఠనాళమునందే వివరముగా చదివిరి.

ఇచట తెలుగువాని పేరు తలపక ముందుకు సాగుటకు మనసొప్పదు. 1895లో భీమవరమున జన్మించి, మదరాసు వైద్యకళాశాలలో చదివి, అమెరికాలోని లెడర్లే సంస్థ పరిశోధనలకు అధిపతియైన యల్లాప్రగడ సుబ్బారావు నాయకత్వమున, మిస్సోరీ మట్టిలో దొరకిన సూక్ష్మజీవినుండి డగ్గర్ అను వృక్షశాస్త్రజ్ఞుడు తీసిన ఆరియోమైసిన్ అను మందు 1948లో వెలువడినది. ఆ యేటి ఆగస్టులోనే సుబ్బారావు కన్నుమూసెను. మరుసటి యేట, ఈటన్ సహచరుడైన ఆ మైకిల్‌జానే, పెన్సిలినుకు లొంగని ఆ న్యుమోనియాకు ఆరియోమైసిన్ పనిచేయునని ప్రకటించెను. తన మందు ఇట్లు ప్రాణదాయకమగుట చూచుటకు సుబ్బారావు మిగిలి యుండకపోవుట నాకెంతయు శోచనీయముగా తోచును.

2020లో కోవిడ్ విజృంభించినప్పుడు, ప్రయోగశాలల సాధారణ చిట్టెలుకకు ఆ తొలి వైరస్ అంటదని తేలినది. హాంకాంగు పరిశోధకులు ముక్కున వైరస్ వేసిన హామ్‌స్టరు మాత్రము బరువు తగ్గి, ఊపిరితిత్తులు వాచి, తోడి జంతువులకు రోగము నంటించి, రెండు వారములలో మరల కోలుకొనెను. హైదరాబాదు భారత్ బయోటెక్ వారి కోవాగ్జినును పూనాలోని జాతీయ వైరాలజీ సంస్థ ఈ జంతువులపైననే పరీక్షింపగా, టీకా పొందిన వాని ఊపిరితిత్తులు న్యుమోనియానుండి కాపాడబడినవి. ఆ సంగతి తెలియుటకు ఆ ప్రాణులను వధింపవలసి వచ్చినదనుమాట దాచదగినది కాదు. 2021 జనవరిలో టీకా పెట్టెలు గన్నవరములోని ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర నిల్వకేంద్రమునకు చేరి, అచటినుండి జిల్లాలకు తరలినవి. వానిలో కోవాగ్జినును ఉండెను.