చేపల గుండం దాకా

మా ఆడపడుచు కూతురు జపాన్‌లో వుంటోంది. దసరా వెళ్ళిన నాలుగో రోజున ఫోను చేసి, "అత్తయ్యా! క్యోటో చూసొచ్చాం. కార్లో కాదు, బస్సులో కాదు, కాళ్ళతో!" అంది. ఎనిమిది మంది కలిసి వెళ్ళారట. ఆ వూరావిడ ఒకావిడ ముందు నడుస్తూ వుంటే, ఆవిడ ఆగిన చోటల్లా వీళ్ళు ఆగడం, చెప్పింది వినడం. మధ్యాహ్నానికల్లా కాళ్ళు పీకాయి గాని, మనసు నిండిందట.

క్యోటో అంటే సామాన్యమైన వూరు కాదు. 794లో రాజధాని అయింది. ఆ తరవాత వెయ్యేళ్ళ పైచిలుకు జపాను చక్రవర్తుల నివాసం అక్కడే. ఆ వూళ్ళో గియోన్ అని ఒక పేట. సన్నని సందులు, చెక్క ఇళ్ళు, గుమ్మాలకి వేలాడే కాయితం లాంతర్లు. 869లో అంటురోగాలు ప్రబలినప్పుడు శాంతి కోసం మొదలెట్టిన వుత్సవం ఇప్పటికీ ఆ పేట పేరు మీదే జరుగుతుంది. మన అమ్మవారి జాతర లాంటిదేనన్నమాట!

"అంతా బాగుంది గాని అత్తయ్యా, ఒక్కటే కష్టం కలిగింది" అంది. ఆ పేటలో ఆటపాటలు నేర్చిన కళాకారిణులు వుంటారట. ముస్తాబై పనికి వెళ్ళే ఆ ఆడపిల్లల్ని చూడ్డానికొచ్చినవాళ్ళు వెంటపడి ఫొటోలు తీయడం, చీర కొంగు లాగినట్టు బట్టలు పట్టుకు లాగడం. విసిగి వేసారి, సొంత సందుల్లో ఫొటోలు తీస్తే పదివేల యెన్లు జరిమానా అని ఆ పేటవాళ్ళు 2019లో బోర్డులు పెట్టారు. అప్పటికీ లాభం లేక, 2024లో కొన్ని సందులు యాత్రికులకి మూసేశారు.

చివర్లో, "అన్నట్టు, మీ హుకుంపేటలో చూడ్డానికి ఏముంటుంది?" అని నవ్వింది. నేనూ నవ్వేశాను. నవ్వానే గాని, ఆ మాట పంటికింద రాయిలా వుండిపోయింది. పద్దెనిమిదేళ్ళుగా ఈ వూళ్ళో కాపరం చేస్తున్నాను. సంతలో పసుపు, పిప్పళ్ళు, అడ్డాకులు బేరమాడ్డం వచ్చు. చలికాలం పెరుగు ఎలా తోడుకుంటుందో తెలుసు. ఈ నేల కథ ఏమిటే అని అడిగితే మాత్రం తెల్లమొహమే!

కార్తీకం వచ్చింది. ఏటా వనభోజనాలకి వ్యాను కట్టించుకుని అరకు వెళ్ళడం, అక్కడ జనాన్ని చూసి తిరిగి రావడం మాకు అలవాటు. ఈసారి నేను పట్టుబట్టాను. "మన మండలం దాటొద్దు. మఠం దగ్గర మత్స్యగుండానికి వెళదాం. రోడ్డు మీద ఆటో దిగి, మిగతాది నడుద్దాం" అన్నాను. "నడకా!" అని మా పక్కింటి వదినగారు మోకాళ్ళు పట్టుకున్నారు. సరే, నాతో కలిపి ఏడుగురం తేలాం. పులిహోర, దద్ధోజనం, ఒక సంచీ మురీలు.

మాకు దారి చూపించింది ఆ పక్క వూరి పెద్దమ్మ ఒకామె. మా ఇంట్లో పనిచేసే పిల్లకి మేనత్త. భగత కులస్తురాలు. ముక్కుకి మూడు ముక్కుపోగులు, చేతిలో కర్ర. మాట తక్కువ. అడిగితే చెబుతుంది, అడక్కపోతే నడుస్తుంది.

ఆ దారి గురించి ఏమని చెప్పను! రెండు పక్కలా కొండవాలంతా వలిసె పూలు. పసుపు ముద్ద చిదిపి ఆరబోసినట్టు. దిగువన మెట్లు మెట్లుగా వరి మడులు. కొన్ని కోసేశారు, కొన్ని ఇంకా తలలూపుతున్నాయి. మడుల పక్కనే గెడ్డ. ఎదురుగా యెండ్రిక కొండ, 5,188 అడుగుల ఎత్తు. పొద్దున్నే సగందాకా మబ్బు కప్పుకుని, బద్ధకంగా లేచిన కొత్తకోడలిలా వుంది.

ఒక మడిలో ఆరుగురు ఆడవాళ్ళు వంగి వరి కోస్తున్నారు. అందంగా వుంది కదా అని సెల్‌ఫోను తీసి ఎత్తి పట్టుకున్నాను. పెద్దమ్మ తన కర్రని నా ముందు అడ్డంగా పెట్టింది. కోపంగా కాదు, దూడని ఆపినట్టు. "అడిగి తియ్యాలమ్మా. ఆళ్ళు పన్లో వున్నారు" అంది. నా మొహం జేవురించింది. మొన్నీమధ్యే జపాను యాత్రికుల్ని ఫోన్లో తిట్టిపోసినదాన్ని నేనే! అడిగాను. అందులో ఇద్దరు వద్దన్నారు. మిగతావాళ్ళు నవ్వి, కొడవళ్ళు పక్కన పెట్టి, జుట్టు సవరించుకుని నిలబడ్డారు. నిజం చెప్పొద్దూ, దొంగతనంగా తీసే ఫొటోకన్నా అదే బాగా వచ్చింది.

గుండం చేరేసరికి ఎండెక్కింది. అక్కడ గెడ్డకి అడ్డంగా పెద్ద బండరాళ్ళ వరస. నీళ్ళు ఆ రాళ్ళ కిందికి దూకి మాయమైపోతాయి. ఓ వంద గజాలు కిందికి వెళితే మళ్ళీ పైకి వస్తాయి. వచ్చినచోట మడుగు. ఆ మడుగే మత్స్యగుండం. ఒడ్డున మత్స్యలింగేశ్వరుడు. పెద్దమ్మ గుప్పెడు మురీలు చల్లింది. అంతే, నీళ్ళు వుడికినట్టయింది. నల్లని వీపులు, తెరిచిన నోళ్ళు, ఒకదాని మీద ఒకటి. మా వదినగారు మోకాళ్ళ సంగతి మరిచిపోయి రాతి మీద గొంతుక్కూర్చున్నారు.

"వీటిని ఎవరూ పట్టరా?" అని అడిగాను.

"పట్టం. మా కులం పనే సేపలు పట్టడం. ఇక్కడ మాత్రం పట్టం" అంది. ఒక్క క్షణం ఆగి, నీళ్ళ వేపు చూసి, చేతులు జోడించింది. అంచేత, ఏడుగురమూ జోడించాం.

తరవాత దూరంగా వున్న కొన్ని రాళ్ళు చూపించింది. పూర్వం ఒక బంజారా వర్తకుడు పెరికెడ్ల మీద సరుకేసుకుని ఇటు వచ్చాడట. మడుగులో చేపని పట్టి కూర వండుకున్నాడట. చేపల రాజు శాపం పెట్టాడు. వర్తకుడూ, ఎడ్లూ ఎక్కడివాళ్ళక్కడే రాళ్ళైపోయారు. "అవే" అంది. మాలో చిన్నమ్మాయి వొకతె కిసుక్కుమంది. పెద్దమ్మ నవ్వలేదు.

ఇంటికొచ్చాక మావారి పుస్తకాల బీరువా దుమ్ము దులిపాను. 1907లో ఫ్రాన్సిస్ అనే దొర విశాఖపట్నం జిల్లా గెజిటీరు రాశాడు. మా మఠం అందులో వుంది. ఆ రాళ్ళ వరసా, మాయమై మళ్ళీ తేలే నీళ్ళూ వున్నాయి. చేతిలోది తినే చేపలూ, నిమిరినా వూరుకునే చేపలూ వున్నాయి. శివరాత్రి తీర్థం, గడ్డి కప్పిన చిన్న గుడి, భగత పూజారి, చివరికి వర్తకుడి శాపం కూడా! నూరేళ్ళ కిందట దొర రాసుకున్న కథనే మా పెద్దమ్మ ఏ పుస్తకమూ చూడకుండా నాకు చెప్పింది. మాలో చిన్నమ్మాయి నవ్విన కథ అదే.

అదే పుస్తకంలో ఇంకో సంగతి. ఈ కొండల్ని ఏలిన మాడుగుల జమీందార్లు తాము మత్స్య దేశపు రాజుల సంతతి అనేవారట. వాళ్ళకి పట్టాభిషేకం చేసేది చేప ఆకారంలో వున్న రాతి సింహాసనం మీద. జెండా మీద చేప. సంతకం కూడా చేప బొమ్మే! మనం పేరు రాసేచోట వాళ్ళు చేపని గీసేవారన్నమాట. ఆ మడుగు చేపలకి వాళ్ళే కాపుదల.

వాళ్ళు చెప్పుకున్నది ఉత్త గొప్ప కాదు. దిబ్బిడ అగ్రహారం రాగి రేకులని వున్నాయి. శకం 1191, అంటే మన లెక్కలో 1269లో, ఒడ్డాది నేలిన మత్స్య వంశపు అర్జునుడనే రాజు ఇచ్చిన దాన శాసనం. ఆ ఒడ్డాది ఇప్పుడు మాడుగుల దగ్గరి వడ్డాది. శాసనంలో వంశం పుట్టుక వుంది. నారంగుడనే ముని, మంజుఘోష అనే అప్సరస, మత్స్యనది. ఆ కథలో చేప కడుపున పుట్టినవాడు సత్యమార్తాండుడు. వుత్కళ రాజు జయత్సేనుడు తన కూతురు ప్రభావతినిచ్చి పెళ్ళి చేసి, ఒడ్డాది సీమకి రాజును చేశాడు.

ఎక్కడో విన్నట్టు లేదూ? భారతంలో అద్రిక అనే అప్సరస శాపవశాన చేపయింది. ఆమె కన్న కవలల్లో ఆడపిల్ల మత్స్యగంధి, మన సత్యవతి. మగపిల్లవాడు మత్స్యరాజు. కొండ రాజులు తమ గెడ్డకి భారతాన్ని ముడేసుకున్నారో, గెడ్డ కథే శాసనమెక్కిందో పండితులు తేల్చాలి. నాకు మాత్రం ఒక్కటి తోచింది. శాసనంలోనూ, భారతంలోనూ బిడ్డని కన్న తల్లి కథ కన్నవెంటనే అయిపోతుంది. రాజ్యం కొడుకుది, వంశం కొడుకుది. గుండం దగ్గర మాత్రం ఆ తల్లికి ఇప్పటికీ మురీలు వేస్తున్నారు. రాగి రేకు మరిచిపోయినదాన్ని పెద్దమ్మ గుప్పిట్లో దాచింది.

ఇక ఆ రాళ్ళైన వర్తకుడి సంగతి. ముందు నేనూ పిట్టకథే అనుకున్నాను. తరవాత ఆలోచిస్తే నిద్ర పట్టలేదు. ఆ రోజుల్లో సముద్రం వొడ్డు నుంచి కొండల మీదికి వుప్పు ఎక్కేది ఎడ్ల వీపుల మీదే. వుప్పు లేకుండా ఎవరికీ గడవదు. వుప్పు ఎవరి చేతిలో వుందో, కొలత కూడా వాళ్ళ చేతిలోనే. గుప్పెడు వుప్పుకి ఎంత చింతపండు, ఎంత పసుపు తూగిందో ఏ లెక్కల పుస్తకంలో వుంటుంది? కింద నుంచి వచ్చినవాళ్ళు అప్పులిచ్చి కొండవాళ్ళ భూములు లాక్కుంటున్నారని 1917లో తెల్లదొరల ప్రభుత్వమే ఒక చట్టం చేయాల్సి వచ్చింది. దళారుల బెడద తప్పించడానికి 1956లో గిరిజన సహకార సంస్థ పెట్టారు. ఆ డిపోల్లో వుప్పూ పప్పూ అమ్మారు, అడవి సరుకు కొన్నారు. భూముల చట్టాన్ని 1970లో మరింత బిగించారు. ఇక్కడ చిన్నపిల్లాడికి కూడా తెలుసు దాని పేరు, 'వన్ ఆఫ్ సెవెంటీ' అని.

చట్టాలన్నీ ఇటీవలివి. అంతకు ముందే ఆ గెడ్డ వొడ్డున జనం తమ చట్టం తాము రాసుకున్నారు. "పైవాడు వచ్చి, అడక్కుండా, మేము ముట్టనిదాన్ని పట్టుకు తింటే రాయి అవుతాడు" అని. ఆ బంజారా మాత్రం ఏం పాపం చేశాడు, ఎడ్ల వెనకాల కొండలెక్కి బతికే కష్టజీవి. కథకి కావలసింది అతను కాదు, అడక్కుండా చాచిన చెయ్యి. నా సెల్‌ఫోను కూడా అలాంటి చెయ్యే! పెద్దమ్మ కర్ర అడ్డం పెట్టకపోతే, ఆ రాళ్ళ పక్కన ఇంకో రాయి లేచి వుండేదేమో. కాస్త లావుపాటి రాయి.

ఈ మధ్య మా కొండలకి జనం విపరీతంగా వస్తున్నారు. వంజంగిలో మబ్బులు చూస్తారు, అరకులో కాఫీ తాగుతారు, వెళుతూ ప్లాస్టిక్ సీసాలు దిగవిడిచి పోతారు. రావద్దని ఎవరూ అనరు. రావడం వల్ల నాలుగు కుటుంబాలు బతుకుతున్నాయి కూడా. ఎలా వస్తున్నామన్నదే ప్రశ్న. గియోన్ సందులకి బోర్డులు కావలసి వచ్చాయి. మత్స్యగుండానికి బోర్డు లేకుండానే ఇన్ని తరాలు గడిచాయి. చెప్పేవాళ్ళు వుండడం వల్ల, వినేవాళ్ళు వుండడం వల్ల. ఈ రెంటిలో ఏది తగ్గినా చేపలు కూరలోకి వెళ్ళిపోతాయి. శాపం పెట్టడానికి చేపల రాజు కూడా మిగలడు.

మొన్న ఆదివారం ఆడపడుచు కూతురికి నేనే ఫోను చేశాను.

"అమ్మాయ్, మా హుకుంపేటలో చూడ్డానికేముందని అడిగావు కదూ? సంక్రాంతికి రా. చెప్పులు గట్టివి తెచ్చుకో. ఏడెనిమిది మంది మించొద్దు. ముందు మా పెద్దమ్మ నడుస్తుంది, ఆవిడ ఆగితే మనం ఆగాలి."

"సందులున్నాయా అత్తయ్యా?" అంది.

"గట్లున్నాయి" అన్నాను. "పదివేల యెన్లు జరిమానా లేదు గాని, అడక్కుండా ఫొటో తీస్తే కర్ర అడ్డం పడుతుంది. నాకు పడింది!"