కెమెరా చెప్పిన సాక్ష్యం: శేఖర్ దత్తాత్రి కృషి

1. పరిచయం

మీరు చిల్లకూరు మండలంలోనో, నెల్లూరు తీరంలోని మరో పల్లెలోనో ఉంటే, శీతాకాలం చివర ఇసుకలో గుడ్లు పెట్టడానికి వచ్చే ఆలివ్ రిడ్లే తాబేళ్ల గురించి వినే ఉంటారు. అదే ఒడ్డుకు చనిపోయిన తాబేళ్లూ కొట్టుకొస్తాయి. ట్రాలర్ వలలో చిక్కిన తాబేలు ఊపిరి కోసం నీటిపైకి రాలేక చనిపోతుంది. సముద్రంలో జరిగే ఆ మరణం మనకు కనిపించదు. ఇలాంటి నష్టాన్ని కళ్లకు కట్టించడానికి కెమెరాను వాడినవారిలో చెన్నైకి చెందిన శేఖర్ దత్తాత్రి ఒకరు. ఆయన కృషిని ఇప్పుడు పరిశీలిద్దాం.

2. తొలి దశ

దత్తాత్రి 13వ ఏట మద్రాసు పాముల పార్కులో విద్యార్థి వాలంటీరుగా చేరారు. అక్కడి నుంచి ఫొటోగ్రఫీకి, తర్వాత చిత్ర నిర్మాణానికి వచ్చారు. పాము చర్మాల వ్యాపారం నిషేధానికి గురయ్యాక, ఇరుల తెగవారు సహకార సంఘంగా ఏర్పడి, పాములను పట్టి విషం తీసి తిరిగి వదిలే పని చేపట్టారు. ఆ సంఘంపై తీసిన చిత్రానికి 1987లో జాతీయ పురస్కారం లభించింది. కేరళలోని సైలెంట్ వ్యాలీపై తీసిన చిత్రానికీ జాతీయ గుర్తింపు వచ్చింది. ఆ తర్వాత ఆయన అంతర్జాతీయ టీవీ ఛానళ్లకు పనిచేశారు.

3. మలుపు: కుద్రేముఖ్

2000 ప్రాంతంలో ఆయన దారి మార్చుకొని, సంరక్షణ కోసమే చిత్రాలు తీయడం మొదలుపెట్టారు. కర్ణాటకలోని కుద్రేముఖ్ జాతీయ ఉద్యానవనంలో ఇనుప ఖనిజపు తవ్వకాల వల్ల అడవికి, భద్రా నదికి కలిగిన హానిని 2001లో ఒక చిన్న చిత్రంలో చూపారు. ఇది మనకు దూరపు సంగతి కాదు. తుంగ, భద్ర ఆ కొండల్లోనే పుట్టి, తుంగభద్రగా కలిసి రాయలసీమకు నీరిస్తాయి. 2002 అక్టోబరు 30న సుప్రీంకోర్టు తీర్పు వెలువడింది. 2005 చివరికి తవ్వకాలు ఆగిపోయాయి.

ఒడిశా తీరంలోని రిడ్లే తాబేళ్ల దుస్థితిపై కూడా ఆయన చిత్రం తీశారు. 2004లో రోలెక్స్ పురస్కారం అందుకున్నారు.

4. అంచనా

ఒక చిత్రమే గనిని మూయించిందని రాస్తే అది చరిత్ర కాదు, పొగడ్త అవుతుంది. కోర్టుకు వెళ్లిన సంరక్షకులు, వన్యప్రాణి చట్టం, ప్రజల ఒత్తిడి అన్నీ కలిసి పనిచేశాయి. ఆ వాదనకు కంటికి కనిపించే సాక్ష్యం అందించడమే చిత్రం చేసిన మేలు. మరో వైపు, గనిని నమ్ముకొని బతికిన కార్మికుల నష్టాన్నీ చరిత్రకారుడు లెక్కలోకి తీసుకోవాలి.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

మీ ఊరి తీరంలోనో, చెరువులోనో, అడవిలోనో కంటికి కనిపించకుండా జరుగుతున్న నష్టం ఒకదాన్ని గుర్తించండి. దాన్ని నిరూపించడానికి ఏ ఆధారాలు సేకరిస్తారు? దాని వల్ల లాభపడేవారి వాదన ఏమిటి? పది వాక్యాల్లో రాయండి.