బుకారెస్టు నక్షత్రము: ఒక క్రీడాసంఘ చరిత్ర



చరిత్ర యనగా రాజుల జయాపజయములును, కోటల ముట్టడులును మాత్రమే యని మనలో పలువురు తలంతురు. పదిమంది కలిసి స్థాపించిన సంస్థకును చరిత్ర కలదు. అది ఎట్లు పుట్టెను, దేనిని ఆధారముగా గొని పెరిగెను, ఏ కారణమున సన్నగిల్లెను అని విచారించినచో, రాజ్యముల చరిత్రనుండి దొరకునట్టి పాఠములే యందును దొరకును. అట్టి సంస్థ నొకదానిని గూర్చి నేడు మనవి చేసెదను. అది యూరపుఖండమున రుమేనియా దేశమునకు రాజధానియైన బుకారెస్టు నగరమునందలి పురుషుల చేతిబంతి సంఘము. దాని పేరు స్త్యావా. ఆ దేశభాషలో ఆ మాటకు నక్షత్రమని యర్థము.

ముందుగా ఆటను గూర్చి రెండు మాటలు. దీనిని హ్యాండుబాలందురు. కాలిబంతి యాటలో కాలు చేయు పనిని ఇందు చేయి చేయును. మన చెడుగుడునందు వలెనే పక్షమునకు ఏడుగురు. వారిలో నొకడు గోలు కాచువాడు. ఆటస్థలము 40 మీటర్ల పొడవు, 20 మీటర్ల వెడల్పు. బంతిని పట్టుకొని మూడడుగులకు మించి నడువరాదు. మూడు సెకండ్లకు మించి నిలుపుకొనరాదు. గోలునకు ముందు 6 మీటర్ల దూరమున నొక గీత గలదు. దాని లోపల కాపరి తప్ప మఱియొకడు కాలూనరాదు. కావున గోలు వేయదలచినవాడు గీత కీవలనుండి పైకెగిరి, మరల కాలు నేల మోపకమున్నే బంతిని విసరవలెను. బలము, నేర్పు, సమయస్ఫూర్తి మూడును గలవాడే ఇందు రాణించును.

ఈ యాట రుమేనియాలో సైనికుల వలన పుట్టినది కాదు. ట్రాన్సిల్వేనియా సీమయందు తరతరములుగా కాపురమున్న జర్మనుభాషీయులు కలరు. వారిని సాక్సనులందురు. సిబియు, బ్రషోవు మొదలగు పట్టణములలోని వారి పాఠశాలలయందు 1920 తరువాతి కాలమున ఈ యాట వేళ్లూనెను. అప్పుడది పక్షమునకు పదునొకండుగురు చొప్పున పచ్చికబయలునందు ఆడు ఆట. 1936లో బెర్లిను నగరమున జరిగిన ఒలింపిక్సు పోటీలకు రుమేనియా దీనియందు తన జట్టును పంపెను. విత్తనము పడినది బడియావరణమునందని శ్రోతలు గుర్తుంచుకొనవలెను.

ఇక సంఘము మాట. 1947 జూను 7వ తేదీన, మిహాయి రాజు ఏలుబడిలో, సైన్యమువారు తమకొక క్రీడాసంఘమును స్థాపించుకొనిరి. ఆ యేడు డిశెంబరు 30వ తేదీన రాజు సింహాసనమును విడువవలసి వచ్చెను. దేశము సామ్యవాదుల గణరాజ్యమయ్యెను. రాజు పోయినను సంఘము పోలేదు. పేరు మాత్రము పలుమాఱులు మాఱెను. 1949లో దానియందు చేతిబంతి శాఖ ఏర్పడెను. 1961లో సైన్యపు చిహ్నమైన ఎఱ్ఱనక్షత్రమును బట్టి స్త్యావా యను పేరు స్థిరపడెను.

సైన్యము పోషకురాలగుటచే ఆటగాండ్రకు హోదాలును జీతములును లభించెను. యువకులందఱకు సైనికసేవ నిర్బంధమైన దేశమగుటచే, ఇతర పట్టణములందు చేయితిరిగిన కుఱ్ఱవానిని సేవకై పిలిచి తమ జట్టున చేర్చుకొనుట సులభమయ్యెను. దీనికి సాటి నిలిచినది 1948లో పుట్టిన డినామో సంఘము. అది పోలీసులను పాలించు మంత్రిత్వశాఖకు చెందినది. పెద్దచెట్టు నీడన చిన్నమొక్కలు ఎదుగనట్లు, తక్కిన పట్టణముల సంఘములు ఈ రెండింటి నడుమ నలిగెను. కీర్తిని కొనియాడునప్పుడు దాని వెలను గూడ చెప్పుట చరిత్రకారుని ధర్మము.

ఆ కీర్తి మాత్రము సామాన్యమైనది కాదు. 1961లో డార్ట్మండు నగరమున రుమేనియా జట్టు చెకోస్లొవేకియాను 9-8 గోలులతో గెలిచి ప్రపంచవిజేత యయ్యెను. మరల 1964, 1970, 1974 సంవత్సరములందును ఆ పదవి దానిదే. జాతీయజట్టునకు శిక్షకులైన కున్స్ట్ గెర్మనెస్కు, నెడెఫ్ అనువారి పేరులు ఆ దేశమున నేటికిని గౌరవముతో తలంపబడుచున్నవి. యూరపుఖండపు సంఘముల విజేతపాత్రను 1965లో మొదట డినామో గెలిచెను. 1968లో ఫ్రాంకుఫర్టునందు స్త్యావా, ప్రాగు నగరపు సైనికసంఘమైన దుక్లాను 13-11 గోలులతో నోడించి, ఆ పాత్రను తాను గైకొనెను. స్వదేశమందు 1967 మొదలు పదియేండ్లకు పైగా విజేతృత్వము దాని చేతినుండి జాఱలేదు.

ఆనాటి వీరులలో అగ్రగణ్యుడు గెయొర్గె గ్రూయా. 1940లో జన్మించిన ఈతడు మొదట వాలీబాలు ఆడి, పిమ్మట చేతిబంతికి వచ్చెను. ఎగిరి విసరుటలో నాతనికి సాటి లేరనిరి. 1992లో అంతర్జాతీయ చేతిబంతి సమాఖ్య ఈతనిని ఎల్లకాలముల యాటగాండ్రలో శ్రేష్ఠునిగా ఎన్నుకొనెను. ఈతని తరువాత స్టెఫాన్ బిర్తలాన్ ఆ భారము వహించెను.

జయము, అపజయము వెండ్రుకవాసిలో నుండునని ఈ సంఘచరిత్ర తెలుపును. 1971 తుదియాటలో జర్మనీకి చెందిన గుమ్మర్స్‌బాఖ్ సంఘము 17-16తో, అనగా ఒక్క గోలుతో, దీని నోడించెను. ఆఱేండ్లు గడచినవి. 1977లో మాస్కో సైనికసంఘముపై 21-20తో, అదే యొక్క గోలుతో, స్త్యావా రెండవమాఱు యూరపు విజేత యయ్యెను. ఓడిననాడు ఆట మానియుండినచో ఆ గెలుపు కలిగియుండెడిది కాదు గదా!

1989లో మరల తుదిపోటీకి చేరి, మిన్స్కు నగరపు సంఘముతో నాడిన రెండాటలలో మొదటిది గెలిచియు, రెండవదాన తగ్గి, మొత్తము మీద ఓడెను. ఆ యేటి డిశెంబరులోనే రుమేనియా ప్రజలు తిరుగబడి నియంతృత్వమును కూల్చిరి. ప్రజలకు స్వేచ్ఛ వచ్చెను. అది గొప్ప మేలు. కాని ప్రభుత్వధనమున పెరిగిన క్రీడాసంఘములకు మునుపటి పోషణ లేకపోయెను. సరిహద్దులు తెరువబడుటచే నేర్పరులైన ఆటగాండ్రు ఎక్కువ వేతనమిచ్చు పరదేశముల సంఘములకు పోయిరి. 1990లో జాతీయజట్టునకు ప్రపంచపోటీలలో మూడవస్థానము దక్కెను. తరువాత నట్టి గౌరవము మరల రాలేదు. స్త్యావా 2006లో యూరపునందు ఛాలెంజి పాత్రను, 2008లో స్వదేశ విజేతృత్వమును గెలిచెను గాని, పెద్దపాత్ర మాత్రము మరల దాని కందలేదు.

గ్రూయా కథయు ఇందుకు నిదర్శనము. ఆతడు మెక్సికో దేశమునకు పోయి, అచ్చటివారికి ఈ యాట నేర్పి, 2015లో అచ్చటనే కన్నుమూసెను. సంఘమునకు నక్షత్రము పేరు కలదు. దాని నక్షత్రము పరదేశమున నస్తమించెను. అయినను విద్య వ్యర్థము కాలేదు. గురువు ఎచ్చట నుండిన నచ్చట విద్య చిగుర్చును.

సోదరులారా, దీనివలన మనము గ్రహింపవలసిన దేమి? బడిలో పడిన విత్తనము సైన్యపు నీడన మహావృక్షమయ్యెను. నీడ తొలగినంత కొమ్మలు వాడెను. ఒక్కని ఔదార్యముపై నిలిచిన సంస్థ ఆ యొక్కనితో పాటు వంగును. గ్రంథాలయము గాని, బడి గాని, భజనమండలి గాని, మన యూర నేది స్థాపించినను ఇంటింటి చేయియు దానిపై నుండునట్లు చూడవలెను. ఒక దాత ఇచ్చు వేయిరూపాయలకంటె నూఱిండ్లవా రిచ్చు పదేసిరూపాయలు గట్టి పునాది. పిల్లలు ఆ పని నేర్చుకొని పదిమందికి నేర్పగలిగిననాడే అది నిలుచును.